వరంగల్ త్రినగరి జనాభా, జనసముదాయాలు: ఒక పరిశీలన

హైదరాబాదుకు ఈశాన్యంగా సుమారు 145 కిలోమీటర్ల దూరంలో గల వరంగల్, హనుమకొండ, కాజీపేట పట్టణాలు ఒకదానితో ఒకటి కలిసిపోయి, తెలంగాణ రాష్ట్రంలో హైదరాబాదు తరువాత అతి పెద్ద పట్టణ ప్రాంతంగా రూపొందాయి. ఈ మూడింటినీ కలిపి ప్రజలు త్రినగరి అని వ్యవహరిస్తున్నారు. కాకతీయుల రాజధానిగా, నిజాం కాలపు సుబా కేంద్రంగా, రైల్వే కూడలిగా, విద్యాకేంద్రంగా వేర్వేరు కాలాలలో వేర్వేరు వర్గాల ప్రజలు ఇక్కడ స్థిరపడ్డారు.

ఈ నగర జనాభా ఎంత అన్న ప్రశ్నకు అధికార పత్రాలలోనే ఒకటి కంటే ఎక్కువ సమాధానాలు కనిపిస్తాయి. 2011 జనాభా లెక్కలనే ఆధారం చేసుకొని ఒక నివేదిక 6.2 లక్షలని, మరొకటి 7.6 లక్షలని, ఇంకొకటి 8 లక్షలు పైబడి అని పేర్కొంటున్నాయి. ఇవన్నీ సరైన అంకెలే. ఒక్కొక్క అంకె ఒక్కొక్క హద్దుకు చెందినది. హద్దు పేర్కొనకుండా వాడిన అంకె తాగునీటి అంచనాలలోను, వార్డుల విభజనలోను, నిధుల కేటాయింపులోను పొరపాట్లకు దారితీస్తుంది. ఈ దృష్టితో త్రినగరి జనాభా వివరాలు, ఇక్కడి జనసముదాయాల నేపథ్యం ఈ వ్యాసంలో పొందుపరచడమైనది.

మూడు పట్టణాలు, ఒక నగరం

మూడు పట్టణాలలో హనుమకొండ ప్రాచీనమైనది. కాకతీయుల తొలి రాజధాని ఇదే. రుద్రదేవుడు 1163లో నిర్మింపజేసిన వేయిస్తంభాల గుడి ఇక్కడే ఉన్నది. పద్మాక్షి గుట్టపైన, అగ్గలయ్య గుట్టపైన గల జైన శిల్పాలు ఈ పట్టణంలో ఒకప్పుడు జైన సముదాయం నివసించినదనడానికి ఆధారాలు. అనంతరం కాకతీయులు రాజధానిని ఓరుగల్లుకు తరలించారు. ఏకశిల అనే ఒంటి రాతి గుట్ట చుట్టూ వెలసిన ఈ కోట గణపతిదేవుడు, రుద్రమదేవి, ప్రతాపరుద్రుల కాలంలో విస్తరించింది. 1323లో కాకతీయ రాజ్యం పతనమైనప్పటికీ కోటలోపలి జనావాసం పూర్తిగా అంతరించలేదు. ఖిలా వరంగల్ పేరుతో నేటికీ అక్కడ జనం నివసిస్తున్నారు.

నిజాం పాలనలో వరంగల్ ఒక సుబాకు కేంద్రమైనది. సుబేదారు కార్యాలయం, నివాసం ఉన్న హనుమకొండ ప్రాంతానికి సుబేదారి అనే పేరు స్థిరపడింది. ఆ విధంగా హనుమకొండ పరిపాలనకు, వరంగల్ వర్తకానికి నెలవులయ్యాయి. ఈ విభజన గుర్తులు నేటికీ స్పష్టంగా కనిపిస్తాయి. ప్రభుత్వ కార్యాలయాలు, విద్యాసంస్థలు, ఉద్యోగుల కాలనీలు అధికంగా హనుమకొండ వైపున ఉండగా, ధాన్యం, పత్తి, మిర్చి, వస్త్ర వ్యాపారాలు వరంగల్ వైపున కేంద్రీకృతమై ఉన్నాయి.

మూడవ పట్టణమైన కాజీపేట ఎదుగుదలకు రైలు మార్గమే ప్రధాన కారణం. నిజాం సంస్థానపు రైలు మార్గం 1889 నాటికి బెజవాడ వరకు చేరింది. 1929లో కాజీపేట, బల్లార్షా మధ్య మార్గం పూర్తికావడంతో ఢిల్లీ, మద్రాసు నగరాలకు నేరుగా రైలు సంబంధం ఏర్పడింది. అప్పటి నుండి కాజీపేట ఉత్తర, దక్షిణ భారతాలను కలిపే ప్రధాన కూడలిగా నిలిచింది. లోకో షెడ్లు, రైల్వే క్వార్టర్లు, వాటి చుట్టూ వెలసిన కాలనీలు ఈ పట్టణ స్వరూపాన్ని నిర్ణయించాయి.

పరిపాలన పరంగా ఈ మూడు పట్టణాలు ఒకే పురపాలక వ్యవస్థ కిందికి వచ్చాయి. 1994లో వరంగల్ నగరపాలక సంస్థ ఏర్పడింది. 2013లో చుట్టుపక్కల గల 42 గ్రామాలు నగరంలో విలీనమయ్యాయి. 2015లో దీనికి మహా వరంగల్ నగరపాలక సంస్థగా హోదా లభించింది.

దశాబ్దాలవారీగా జనాభా

స్వాతంత్ర్యానంతరం జరిగిన జనాభా లెక్కల ప్రకారం వరంగల్ పట్టణ జనాభా, ఆయా లెక్కల నాటి పురపాలక పరిధిని అనుసరించి, సుమారుగా ఈ విధంగా ఉన్నది.

1951: 1.33 లక్షలు
1961: 1.56 లక్షలు
1971: 2.08 లక్షలు
1981: 3.35 లక్షలు
1991: 4.48 లక్షలు
2001: 5.3 లక్షలు
2011: 6.2 లక్షలు

అరవై సంవత్సరాలలో జనాభా నాలుగున్నర రెట్లకు పైగా పెరిగినట్లు ఈ పట్టిక తెలుపుతున్నది. 1971, 1981 మధ్య దశాబ్దంలో వృద్ధి 60 శాతం దాటింది. 1959లో ప్రాంతీయ ఇంజనీరింగ్ కళాశాలకు శంకుస్థాపన జరగడం, అదే సంవత్సరం కాకతీయ వైద్య కళాశాల ప్రారంభం కావడం, 1976లో కాకతీయ విశ్వవిద్యాలయం ఏర్పడటం ఈ వృద్ధికి నేపథ్యంగా నిలిచాయి. విద్యార్థులతోపాటు అధ్యాపకులు, సిబ్బంది, వారిపై ఆధారపడిన వర్తకులు, వృత్తిదారులు నగరానికి చేరారు.

1991 తరువాత పురపాలక పరిధిలో వృద్ధి మందగించినట్లు పట్టికలో కనిపిస్తుంది. 1991, 2001 మధ్య ఇది సుమారు 18 శాతం మాత్రమే. అయితే నగర ఎదుగుదల ఆగిపోయినదని దీని అర్థం కాదు. హద్దు లోపల ఖాళీ స్థలం తగ్గి, ధరలు పెరగడంతో కొత్త ఇళ్ళు హద్దు బయట గ్రామ పంచాయతీల భూములలో వెలిశాయి. శివార్లను కలుపుకొని లెక్కించిన పట్టణ సముదాయపు జనాభా 1991లో సుమారు 4.7 లక్షలు, 2001లో 5.8 లక్షలు, 2011లో 7.6 లక్షలు. 2001, 2011 మధ్య ఈ సముదాయం సుమారు 31 శాతం పెరిగింది. ఒకే నగరం గురించి ఒక వరుస అంకెలు మందగమనాన్ని, మరొక వరుస వేగాన్ని చూపడానికి కారణం ఇదే.

ఏ హద్దుకు ఏ అంకె

త్రినగరి విషయంలో సాధారణంగా ఐదు రకాల హద్దులు వాడుకలో ఉన్నాయి.

మొదటిది, 2011 నాటి పాత నగరపాలక పరిధి. దీని విస్తీర్ణం సుమారు 110 చదరపు కిలోమీటర్లు, జనాభా సుమారు 6.2 లక్షలు.

రెండవది, జనగణన శాఖ అర్బన్ అగ్లోమరేషన్ అని వ్యవహరించే పట్టణ సముదాయం. ఒక చట్టబద్ధ పట్టణం, దానికి ఆనుకొని ఉన్న విస్తరణ ప్రాంతాలు, ఇతర పట్టణాలు కలిసి ఎడతెగకుండా ఉన్న పట్టణ వ్యాప్తిని ఈ పేరుతో లెక్కిస్తారు. పంచాయతీ పాలనలో ఉన్నప్పటికీ 5,000కు తగ్గని జనాభా, చదరపు కిలోమీటరుకు 400కు తగ్గని జనసాంద్రత, పురుష ప్రధాన కార్మికులలో కనీసం 75 శాతం మంది వ్యవసాయేతర వృత్తులలో ఉండటం అనే మూడు షరతులు నెరవేరిన గ్రామాన్ని జనగణన పట్టణంగా గుర్తిస్తారు. ఈ హద్దు ప్రకారం 2011 జనాభా సుమారు 7.6 లక్షలు.

మూడవది, విలీనానంతర మహా వరంగల్ నగరపాలక సంస్థ పరిధి. హసన్‌పర్తి, మామునూరు, పైడిపల్లి వంటి గ్రామాలు కలవడంతో విస్తీర్ణం 406.87 చదరపు కిలోమీటర్లకు చేరింది. ఈ పరిధికి 2011 లెక్కలను అన్వయిస్తే జనాభా 8 లక్షలు దాటుతుంది.

నాలుగవది, కాకతీయ పట్టణాభివృద్ధి సంస్థ పరిధి. కుడా అని పిలిచే ఈ సంస్థ ప్రణాళికా ప్రాంతం 1,805 చదరపు కిలోమీటర్లు. హనుమకొండ, వరంగల్, జనగామ జిల్లాలలోని గ్రామాలు కూడా ఇందులో ఉన్నందున దీనిని నగర జనాభాగా పేర్కొనడం సరికాదు. లేఅవుట్ల అనుమతులకు, బృహత్ ప్రణాళికకు మాత్రమే ఈ హద్దు ప్రమాణం.

ఐదవది, జిల్లా. దీని విషయమై కింద ప్రత్యేకంగా వివరించడమైనది.

హద్దు మారినప్పుడు జనాభాతోపాటు జనసాంద్రత కూడా మారుతుంది. పాత పరిధిలో చదరపు కిలోమీటరుకు సుమారు 5,600 మంది ఉండగా, విస్తరించిన పరిధిలో అది 2,000 ప్రాంతానికి తగ్గుతుంది. ఒక్క కుటుంబం కూడా ఇల్లు మారకుండానే ఈ మార్పు సంభవించింది. మండీబజారు, గిర్మాజీపేట వంటి పాత బస్తీలలో ఇరుకు యథాతథంగానే ఉన్నది. పొలాలు, చెరువులు నగర పరిధిలో చేరినందున సగటు తగ్గింది. కనుక నగరమంతటికీ ఒకే సగటు జనసాంద్రతను ప్రమాణంగా తీసుకొని పారిశుద్ధ్య సిబ్బందిని గాని, ఆరోగ్య కేంద్రాలను గాని కేటాయిస్తే పాత బస్తీలకు అన్యాయం జరిగే అవకాశం ఉన్నది.

మెట్రోపాలిటన్ ప్రాంతం అనే మాటకు కూడా నిర్దిష్టమైన అర్థం కలదు. రాజ్యాంగంలోని 243 పి అధికరణం ప్రకారం 10 లక్షలు లేదా అంతకు మించిన జనాభా కలిగి, గవర్నరు ప్రకటన ద్వారా నిర్దేశించిన ప్రాంతమే మెట్రోపాలిటన్ ప్రాంతం. 2011 లెక్కల ప్రకారం తెలంగాణలో 10 లక్షలు దాటిన పట్టణ సముదాయం హైదరాబాదు ఒక్కటే. 2021–26 కాలానికి 15వ ఆర్థిక సంఘం పట్టణ స్థానిక సంస్థల గ్రాంట్లను సిఫారసు చేసినపుడు 10 లక్షలు పైబడిన సముదాయాలను ఒక వర్గంగా, మిగిలిన పట్టణాలను మరొక వర్గంగా పరిగణించింది. వరంగల్ రెండవ వర్గంలో నిలిచింది. జనాభా అంకెకు ఉన్న ఆర్థిక ప్రాధాన్యం ఎంతటిదో దీనిని బట్టి గ్రహించవచ్చు.

రెండు జిల్లాల నడుమ ఒక నగరం

వరంగల్ జిల్లా హద్దులు పలుమార్లు మారాయి. 1953లో ఖమ్మం ప్రాంతం వేరుపడి ప్రత్యేక జిల్లా అయింది. 2011 జనాభా లెక్కల నాటికి ఉమ్మడి వరంగల్ జిల్లా జనాభా 35,12,576. 2016 అక్టోబరు 11న జరిగిన పునర్వ్యవస్థీకరణలో ఈ జిల్లా నుండి వరంగల్ పట్టణ, వరంగల్ గ్రామీణ, జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి జిల్లాలు ఏర్పడ్డాయి. కొంత భాగం సిద్దిపేట జిల్లాలో కలిసింది. 2019 ఫిబ్రవరిలో ములుగు ప్రత్యేక జిల్లాగా అవతరించింది.

2016 ఏర్పాటులో త్రినగరి మొత్తం వరంగల్ పట్టణ జిల్లాలో ఉండేది. 2021 ఆగస్టులో పట్టణ జిల్లాకు హనుమకొండ అని, గ్రామీణ జిల్లాకు వరంగల్ అని పేర్లు మార్చి, హద్దులను సవరించారు. వరంగల్, ఖిలా వరంగల్ మండలాలు వరంగల్ జిల్లాలో చేరగా, పరకాల తదితర మండలాలు హనుమకొండ జిల్లాలో చేరాయి. ఫలితంగా ఒకే నగరపాలక సంస్థ పరిధి రెండు జిల్లాలలో విస్తరించి ఉన్నది.

2011 లెక్కలను పాత హద్దులకు అన్వయిస్తే వరంగల్ పట్టణ జిల్లా జనాభా 10,80,858, గ్రామీణ జిల్లా జనాభా 7,18,537. 2021 హద్దుల ప్రకారం హనుమకొండ జిల్లా జనాభా 10,62,247, వరంగల్ జిల్లా జనాభా 7,37,148. రెండు సందర్భాలలోను మొత్తం 17,99,395. మొత్తం మారనందువలన మార్పు స్వల్పమని పైకి తోస్తుంది. వాస్తవానికి నగరంలోని పెద్ద భాగం ఒక జిల్లా నుండి మరొక జిల్లాకు మారి, దాదాపు అంతే జనాభా గల గ్రామీణ మండలాలు దాని స్థానంలో చేరాయి. అందువలన 2021కి ముందు, తరువాత వెలువడిన జిల్లా గణాంకాలను నేరుగా పోల్చరాదు. ముఖ్యంగా వరంగల్ జిల్లా అనే పేరు 2016కు ముందు ఒక ప్రాంతాన్ని, 2021 తరువాత మరొక ప్రాంతాన్ని సూచిస్తున్నదని గమనించవలసి ఉన్నది.

శాసనసభ నియోజకవర్గాల హద్దులు వీటికి భిన్నమైనవి. 2001 జనాభా లెక్కల ఆధారంగా 2008లో ఖరారైన పునర్విభజనలో వరంగల్ తూర్పు, వరంగల్ పశ్చిమ నియోజకవర్గాలు ఏర్పడ్డాయి. మహా నగర పరిధిలోని శివారు ప్రాంతాలు వర్ధన్నపేట, పరకాల నియోజకవర్గాలలో కూడా ఉన్నాయి.

జనసముదాయాలు, వృత్తులు

త్రినగరి జనసముదాయాలలో అత్యధికులు తెలుగు మాతృభాషగా గలవారు. ఉర్దూ రెండవ ప్రధాన భాష. 2017 నవంబరులో రాష్ట్ర శాసనసభ ఉర్దూను రాష్ట్రమంతటికీ రెండవ అధికార భాషగా గుర్తించే సవరణను ఆమోదించింది.

చేనేత వర్గాలకు ఈ నగరంతో దీర్ఘకాల సంబంధం ఉన్నది. కొత్తవాడ ప్రాంతం తివాచీలకు, జంపఖానాలకు ప్రసిద్ధి. పద్మశాలి కుటుంబాలు ఈ వృత్తిలో ప్రముఖంగా ఉన్నాయి. వరంగల్ జంపఖానాలకు 2018లో భౌగోళిక గుర్తింపు లభించింది. 1934లో ఏర్పాటైన అజంజాహీ మిల్లు వేలాది కార్మిక కుటుంబాలకు జీవనాధారమైంది. 2000 దశకం ఆరంభానికి అది మూతపడటంతో నగరపు కార్మిక వర్గ స్వరూపమే మారిపోయింది.

కాజీపేటలో రైల్వే కుటుంబాలది ప్రత్యేక సముదాయం. ఉద్యోగ బదిలీలపై వివిధ రాష్ట్రాల నుండి వచ్చినవారు, తరతరాలుగా రైల్వేలోనే పనిచేస్తున్న స్థానికులు ఇక్కడ కలిసి నివసిస్తున్నారు. కాజీపేట దర్గాకు ఏటా ఉర్సు సందర్భంగా అన్ని మతాల భక్తులు వస్తారు. ఫాతిమానగర్‌లో వరంగల్ కథోలిక పీఠపు ప్రధాన దేవాలయం ఉన్నది. హనుమకొండలో అమెరికన్ బాప్టిస్టు మిషన్ కృషి 19వ శతాబ్దపు చివరి భాగంలోనే మొదలైంది. పాఠశాలలు, ఆసుపత్రుల ద్వారా ఈ సంస్థలు క్రైస్తవేతర వర్గాలకు కూడా చేరువయ్యాయి.

వర్తక వర్గాలలో స్థానిక వైశ్యులతోపాటు మార్వాడీ, గుజరాతీ కుటుంబాలు ఉన్నాయి. ఏనుమాముల వ్యవసాయ మార్కెట్‌కు పత్తి, మిర్చి సీజనులో చుట్టుపక్కల జిల్లాల రైతులు వస్తారు. హమాలీలు, దడవాయిలు, గుమాస్తాలు, లారీ కార్మికులు ఈ మార్కెట్‌పై ఆధారపడి జీవిస్తున్నారు. మున్నూరు కాపు, ముదిరాజ్, గౌడ, గొల్ల, కురుమ, పెరిక, విశ్వబ్రాహ్మణ, రజక తదితర వెనుకబడిన వర్గాలు, మాదిగ, మాల తదితర షెడ్యూల్డు కులాల కుటుంబాలు నగరంలోను, విలీన గ్రామాలలోను గణనీయంగా ఉన్నాయి.

షెడ్యూల్డు తెగలలో లంబాడాలు ప్రధానులు. తెలంగాణ ప్రాంతపు లంబాడాలకు షెడ్యూల్డు తెగగా గుర్తింపు 1976 చట్ట సవరణతో లభించింది. తండాల నుండి చదువుకై, ఉపాధికై వచ్చిన కుటుంబాలు నగర శివార్లలో స్థిరపడుతున్నాయి. మాతృభాషల గణాంకాలను పరిశీలించేవారు ఒక విషయం గమనించాలి. జనగణన వర్గీకరణలో లంబాడీ మాతృభాషను హిందీ శీర్షిక కింద చేరుస్తారు. అందుచేత ఈ ప్రాంతంలో హిందీ మాట్లాడేవారి సంఖ్యగా కనిపించే అంకెలో లంబాడీ భాషీయులు కూడా ఉంటారు. కోయ భాషను మాత్రం విడిగానే చూపుతారు.

ఖిలా వరంగల్ వాసులది మరొక ప్రత్యేక పరిస్థితి. రక్షిత కట్టడాలకు 100 మీటర్ల వరకు నిషిద్ధ ప్రాంతంగా, ఆపైన 200 మీటర్ల వరకు నియంత్రిత ప్రాంతంగా 2010 చట్ట సవరణ నిర్దేశిస్తున్నది. కోట ప్రాకారాల మధ్య తరతరాలుగా ఉంటున్న కుటుంబాలు పాత ఇంటికి మరమ్మతు చేసుకోవాలన్నా, మరొక గది వేసుకోవాలన్నా ఈ నిబంధనలకు లోబడవలసి ఉన్నది. కుటుంబాలు పెరిగినా ఇళ్ళు పెరగని పరిస్థితి అక్కడ నెలకొన్నది. వారసత్వ పరిరక్షణ ప్రణాళికలలో కట్టడాలతోపాటు ఈ జనావాసాన్ని కూడా పరిగణనలోకి తీసుకోవలసిన అవసరం ఉన్నది.

రాకపోకలు, వలసలు

త్రినగరికి చదువు, వైద్యం, ప్రభుత్వోద్యోగం నిమిత్తం ఉత్తర తెలంగాణ జిల్లాల నుండి ప్రజలు వస్తుండగా, ఉపాధి నిమిత్తం ఇక్కడి నుండి హైదరాబాదుకు, ఇతర రాష్ట్రాలకు, విదేశాలకు వెళ్ళేవారి సంఖ్య కూడా అధికమే. మిల్లు మూత, మగ్గాల మీద గిట్టుబాటు తగ్గడం వలన ఈ ప్రాంత నేత కార్మికులు సూరత్, భివండి, షోలాపూర్ పట్టణాలకు తరలివెళ్ళారు. వారిని తిరిగి రప్పించాలన్నది గీసుగొండ, సంగెం మండలాల పరిధిలోని కాకతీయ మెగా జౌళి పార్కు లక్ష్యాలలో ఒకటి. దీనికి 2017 అక్టోబరు 22న శంకుస్థాపన జరిగింది. కాజీపేటలో రైల్వే తయారీ కేంద్రానికి 2023 జూలై 8న ప్రధానమంత్రి శంకుస్థాపన చేశారు. ఈ రెండూ నగర కేంద్రానికి వెలుపల ఉన్నందున, ఇవి కల్పించే ఉపాధి మేరకు జనాభా పెరుగుదల కూడా శివార్ల వైపే ఉంటుంది.

నగరంలో తాత్కాలికంగా ఉండే జనం మరొక అంశం. 2002లో జాతీయ సాంకేతిక విద్యాసంస్థగా మారిన పూర్వపు ప్రాంతీయ ఇంజనీరింగ్ కళాశాల, కాకతీయ విశ్వవిద్యాలయం, ఇంటర్మీడియట్, కోచింగ్ సంస్థల వసతి గృహాలలో వేలాది విద్యార్థులు ఉంటారు. మహాత్మాగాంధీ స్మారక ఆసుపత్రికి రోగులు, వారి సహాయకులు దూర జిల్లాల నుండి వస్తారు. రెండేళ్ళకొకసారి జరిగే మేడారం సమ్మక్క సారలమ్మ జాతర సమయంలో కాజీపేట, వరంగల్ స్టేషన్లు, హనుమకొండ బస్టాండు భక్తులతో కిక్కిరిసిపోతాయి.

వీరిలో వసతి గృహాల విద్యార్థులను జనగణనలో సంస్థాగత గృహాల కింద నగర జనాభాలోనే లెక్కిస్తారు. రోగుల సహాయకులు, జాతర భక్తులు వారి వారి సాధారణ నివాసాలలో లెక్కకు వస్తారు. వీరు వాడే నీరు, మరుగుదొడ్లు, రవాణా సౌకర్యాల భారం మాత్రం ఈ నగరంపైనే పడుతుంది.

అంకెపై ఆధారపడిన సేవలు

నగరానికి కాకతీయ కాలువ ద్వారా వచ్చే నీటిని ధర్మసాగర్, వడ్డేపల్లి, భద్రకాళి చెరువులలో నిల్వచేసి తాగునీటికి వినియోగిస్తున్నారు. భూగర్భ మురుగునీటి వ్యవస్థ గల నగరాలకు తలసరి రోజుకు 135 లీటర్లు అనే జాతీయ ప్రమాణాన్ని తీసుకొంటే, 6.2 లక్షల జనాభాకు రోజుకు సుమారు 8.4 కోట్ల లీటర్లు, 8 లక్షలకు 10.8 కోట్ల లీటర్లు, 10 లక్షలకు 13.5 కోట్ల లీటర్లు అవసరమవుతాయి. ఏ హద్దుకు చెందిన జనాభాతో అంచనా మొదలైనదో దానిని బట్టి పైపులైన్ల పరిమాణం, జలాశయాల సామర్థ్యం మారిపోతాయి. అంచనా తక్కువైతే ఆ లోటు ముందుగా నగరపు కొసన ఉన్న విలీన గ్రామాల కుళాయిలలో కనిపిస్తుంది.

వరద ముంపు కూడా జనాభా విస్తరణతో ముడిపడిన సమస్యయే. కాకతీయుల కాలం నుండి ఈ ప్రాంతం గొలుసుకట్టు చెరువులకు పేరొందింది. ఒక చెరువు నిండి అలుగు పారితే ఆ నీరు కింది చెరువుకు చేరేది. నీరు ప్రవహించే వాగులు, నాలాల వెంట ఇళ్ళు వెలసిన చోట్ల వర్షపు నీటికి దారి లేకుండా పోయింది. 2020 ఆగస్టులోను, 2023 జూలైలోను, మొంథా తుపాను ప్రభావంతో 2025 అక్టోబరు చివరిలోను కురిసిన భారీ వర్షాలకు లోతట్టు కాలనీలు జలమయమయ్యాయి. ముంపు ప్రాంతాలలో ఎన్ని కుటుంబాలు ఉన్నవో వాడలవారీగా తెలిసి ఉంటేనే పడవలు, పునరావాస కేంద్రాలు, ఆహార పొట్లాలు సకాలంలో సమకూర్చడం సాధ్యమవుతుంది. నగర సగటు లెక్క అటువంటి రాత్రి ఉపకరించదు.

ప్రాతినిధ్యం మరొక ముఖ్యాంశం. 2016 మార్చిలో జరిగిన మహా నగరపాలక సంస్థ ఎన్నికలలో 58 డివిజన్లు ఉండగా, 2021 ఏప్రిల్ 30న జరిగిన ఎన్నికలకు వాటిని 66కు పెంచారు. రాజ్యాంగంలోని 243 టి అధికరణం ప్రకారం షెడ్యూల్డు కులాలు, తెగల స్థానాలు వారి జనాభా నిష్పత్తిని అనుసరించి ఉండాలి. లెక్క పాతబడినకొద్దీ ఈ నిష్పత్తికి, వాస్తవానికి మధ్య దూరం పెరుగుతుంది.

2027 జనగణన

2021లో జరగవలసిన జనగణన కోవిడ్ కారణంగా వాయిదా పడింది. 2027 మార్చి 1ని ప్రమాణ తేదీగా నిర్ణయిస్తూ కేంద్ర ప్రభుత్వం 2025 జూన్ 16న ప్రకటన జారీచేసింది. 2026 ఏప్రిల్, సెప్టెంబరు మధ్య ఇళ్ళ నమోదు, 2027 ఫిబ్రవరిలో జనాభా లెక్కింపు అనే రెండు దశలుగా కార్యక్రమం నిర్ణయమైంది. కులాల వివరాల సేకరణ కూడా ఇందులో భాగం. లెక్కింపులో గందరగోళం కలుగకుండా పరిపాలనా హద్దులను 2025 డిసెంబరు 31 నాటికి ఉన్నవి ఉన్నట్లు స్థిరపరిచే ఏర్పాటు చేశారు.

తెలంగాణ ప్రభుత్వం 2024 నవంబరులో సామాజిక, ఆర్థిక, విద్యా, ఉపాధి, రాజకీయ, కుల వివరాల ఇంటింటి సర్వే నిర్వహించింది. ఇది జనగణన చట్టం కింద జరిగిన లెక్కింపు కాదు. దీని ఫలితాలను జనగణన అంకెలతో కలిపి వాడేటప్పుడు ఆ భేదాన్ని పేర్కొనవలసి ఉన్నది.

త్రినగరి విషయంలో రెండు అంశాలు గమనార్హం. మేడారం జాతర సరి సంవత్సరాలలో వస్తున్నందున 2027 ఫిబ్రవరి లెక్కింపుపై దాని ప్రభావం ఉండదు. అయితే ఫిబ్రవరి విద్యా సంవత్సరపు మధ్యకాలం కావడంతో వసతి గృహాలు నిండి ఉంటాయి. విద్యార్థిని అటు స్వగ్రామంలోను, ఇటు వసతి గృహంలోను రెండుసార్లు నమోదు చేయడం గాని, రెండుచోట్లా వదిలివేయడం గాని జరగకుండా చూడటం ఈ నగరంలో ప్రత్యేక శ్రద్ధ వహించవలసిన విషయం.

పాత్రికేయులు, అధికారులు పాటించదగిన అంశాలు

త్రినగరి జనాభాను పేర్కొనేటప్పుడు సంవత్సరంతోపాటు హద్దును కూడా తెలపాలి. పాత నగరపాలక పరిధి, పట్టణ సముదాయం, మహా నగర పరిధి అనే మాటలలో ఏది వర్తిస్తుందో స్పష్టం చేయాలి.

రెండు సంవత్సరాల అంకెలను పోల్చేటప్పుడు హద్దు మారలేదని నిర్ధారించుకోవాలి. మారినచో పెరుగుదల శాతం ప్రకటించడానికి ముందు రెండింటినీ ఒకే పరిధికి సవరించుకోవాలి.

జిల్లా గణాంకాలు వాడేటప్పుడు అవి 2016కు ముందువా, 2016, 2021 మధ్య కాలానివా, ఆ తరువాతివా అన్నది సూచించాలి.

నిర్దిష్ట సంవత్సరానికి వేసిన అంచనాలను జనగణన ఫలితాలుగా చూపరాదు. 2011 తరువాత నగరానికి సంబంధించి వినవచ్చే 10 లక్షలు, 12 లక్షలు వంటి అంకెలు అంచనాలు మాత్రమే.

సౌకర్యాల కల్పనకు నగర సగటు కంటే డివిజను స్థాయి వివరాలనే ప్రమాణంగా తీసుకోవాలి. కొత్తవాడ మగ్గాల వీధికి, సుబేదారి ఉద్యోగుల కాలనీకి, ఖిలా వరంగల్ ప్రాకారం లోపలి ఇంటికి, పైడిపల్లి పొలాల అంచున వెలసిన కొత్త కాలనీకి అవసరాలు వేర్వేరు. 2027 లెక్కలు వెలువడినపుడు ఈ నగరం 10 లక్షల మైలురాయి దాటినదా లేదా అన్నది కూడా, అప్పటి పట్టణ సముదాయపు హద్దు ఎక్కడ గీయబడినదన్న దానిపైనే ఆధారపడి ఉంటుంది.